నిద్రలో జావా నేర్పిన దంపతులు

ఆ రోజుల్లో అమీర్‌పేటలో మైత్రీవనం ముందు నిలబడి ఎవరైనా తుమ్మితే, ఆ తుంపర కనీసం నలుగురు కాబోయే సాఫ్ట్‌వేర్ ఇంజనీర్ల మీద పడేది. గోడల మీదా, కరెంటు స్తంభాల మీదా, మెట్ల మీదా కోర్సుల కాగితాలే. దేశ భవిష్యత్తంతా ఆ కూడలిలోనే తయారవుతోందని అందరూ నమ్మిన కాలం. దాని వెనక సందులో, రెండు గదుల వాటాలో, నేనూ మా ఆవిడా కూడా భవిష్యత్తునే తయారుచేస్తుండేవాళ్లం. కాకపోతే మాది వారానికి ఒక్క పేజీ. పంజాగుట్టలో ఒక దినపత్రికలో నేను సబ్ ఎడిటర్ని. ఆదివారం అనుబంధంలో మూడో పేజీ మా ఇద్దరిదీ. పై సగం సైన్సు వార్తలు, కింది సగం సైన్సు బొమ్మల కథ. వార్తలు నేను రాసేవాణ్ణి, కథ తను రాసేది, బొమ్మలు మళ్లీ నేనే. (నా రాకెట్లు గ్యాస్ సిలిండర్లలా ఉన్నాయని మా ఆవిడ అనేది. నిజమే, వంటింట్లో సిలిండర్ని ఎదురుగా పెట్టుకునే వేసేవాణ్ణి.)

అప్పుడు నడుస్తున్న కథలో మన ఊరి అమ్మాయి ఒకతి చంద్రుడి వెనకవైపు ఇరుక్కుపోతుంది. అక్కడి యంత్రాల భాష వస్తే తప్ప బయటపడలేదు. అందుకని మా ఆవిడ ఒక టోపీ కనిపెట్టింది. తలకు పెట్టుకుని పడుకుంటే చాలు, లేచేసరికి కొత్త భాష వచ్చేస్తుంది. ఇలాంటి యంత్రం కథలోకి వచ్చినప్పుడల్లా, అదెలా పనిచేస్తుందో తను నాకోసం ముందుగా ఒక కాగితం మీద అచ్చం వార్తలాగా రాసిచ్చేది. వార్తలా ఉంటే తప్ప నాకు ఏదీ బుర్రకెక్కదని తన అభిప్రాయం. బొమ్మ వేయడం అయిపోయాక అది చిత్తు కాగితం కిందే లెక్క.

పత్రికాఫీసులో చేరిన ప్రతివాడికీ చెప్పే మొదటి మాట, కాగితానికి ఒకవైపే రాయాలని. కొత్తవాళ్లకి ఆ మాట గంభీరంగా చెప్పే బాధ్యత నాదే. ఆ వారం ఇంట్లో తెల్లకాగితాలు అయిపోయాయి. బయటికెళ్లి తెచ్చుకోవడానికి బద్ధకించి, ఆ టోపీ కాగితాన్ని తిరగేసి, వెనక టమాటాలు కుళ్లకుండా నిలవచేసే పద్ధతి మీద నా వార్త రాసి ఆఫీసులో ఇచ్చేశాను. కంపోజ్ చేసే అన్న టోపీ వైపే చూశాడు, టోపీనే కొట్టాడు. ప్రూఫు దిద్దింది నేనే. రెండు అక్షరదోషాలు పట్టుకున్నాను కూడా. (విషయం బుర్రలోకి వెళ్లకుండా అక్షరాలు మాత్రమే చూడగలగడం మా వృత్తిలో చాలా అభ్యాసం మీద వచ్చే విద్య.)

ఆదివారం పొద్దున మా ఆవిడ కాఫీ గ్లాసు పక్కన పెట్టి అడిగింది, "ఏవండీ, నా టోపీ మీ వార్తల్లోకి ఎప్పుడొచ్చింది?" పేపరు లాక్కుని చూశాను. 'టోపీ పెట్టుకుని నిద్రపోతే చాలు, కంప్యూటర్ భాష' అన్న శీర్షిక, నేను పాస్ చేసిందే, నన్ను చూసి నవ్వుతోంది.

మర్నాడు కంపోజింగ్ గదికి పరిగెత్తాను. "అన్నా, ఇదేంటన్నా?" అంటే ఆయన కీబోర్డు మీంచి తల ఎత్తకుండా, "నాకేమెరుక తమ్మీ, నువ్విచ్చిన కాయితమే కొట్టిన. మస్తు రాసినవ్. మా బామ్మర్దికి సుత చెప్పిన, జల్ది పోయి చేరమని" అన్నాడు. ఆదివారం అనుబంధం చూసే పెద్దాయన్ని (ఎవరేం రాసినా చివరి పేరా కోసేస్తాడు కాబట్టి మాలో ఆయన పేరు కత్తెరగారు) కలిసి తప్పు ఒప్పుకున్నాను. "సవరణ వేద్దాంలే. కానీ మీ పేజీ ఉంటుందో పోతుందో నేను చెప్పలేనయ్యా" అన్నాడు. ఇంటికొచ్చి చెబితే మా ఆవిడ మొహం పాలిపోయింది. "ఇంకా ఆరు వారాల కథ ఉందండీ. ఆ పిల్లని అక్కడే వదిలేస్తామా?" అంది.

బుధవారానికి ఒక కోచింగ్ సెంటరు మూడో అంతస్తు నుంచి బ్యానరు దిగింది. 'జావా నిద్ర బ్యాచ్ ప్రారంభం. పేపర్లో చదివే ఉంటారు.' కింద టోపీ బొమ్మ. నేను వేసిందే, కథలోంచి కత్తిరించి పెద్దది చేశారు. (నా బొమ్మని చూసి నిజమైన వస్తువని నమ్మిన మొదటి మనిషి ఆ సెంటరు యజమానే.) మెట్ల మీద నుంచి రోడ్డు దాకా వరస. మా ఆవిడ ఆగలేకపోయింది. "బాబూ, అదంతా అబద్ధం. ఆ టోపీని కల్పించింది నేనే" అని వరసలో ఒకతనికి చెప్పింది.

అతను ఎగాదిగా చూసి, "మీరు ఏ సెంటర్ తరఫున వచ్చిండ్రు మేడమ్?" అన్నాడు.

"పక్క బిల్డింగోళ్లన్నా, గిట్లనే చేస్తరు," అన్నాడు వెనకున్నతను. "జర లైన్ల నిలబడుండ్రి మేడమ్. మేమందరం నిలబడ్డం కదా."

పైకెళ్లి యజమానికే చెప్పాం. ఆయన కుర్చీలు వేయించి, టీ తెప్పించి, మేం చెప్పిందంతా ఓపిగ్గా విని, "బలేవారే! అబద్ధమని మీరంటే ఎలాగండీ, పేపర్లో వచ్చింది కదా" అన్నాడు.

తర్వాతి ఆదివారం సవరణ వచ్చింది, చివరి పేజీ అడుగున, పత్రిక అచ్చయిన చిరునామా కన్నా చిన్న అక్షరాల్లో. మూడో పేజీలో మాత్రం పైనుంచి కిందిదాకా నిద్ర బ్యాచ్ ప్రకటన. ఇకముందు ప్రతి వారం ఆ పేజీ వాళ్లదేనట. "మరి మా కథ సార్?" అన్నాను. కత్తెరగారు నిజంగానే జాలిపడ్డాడు. "ఎవరు చదువుతున్నారయ్యా? ఇన్నాళ్లలో ఒక్క ఉత్తరమైనా వచ్చిందా?" రాలేదు. ఈసారి ఆయన చివరి పేరాతో సరిపెట్టకుండా మొత్తం కోసేశాడు.

రెండు వారాల తర్వాత ఒక కార్డు వచ్చింది, ఎస్సార్ నగర్‌లో ఏదో హాస్టల్ నుంచి. "అయ్యా, నేను నిద్ర బ్యాచ్‌లో చేరాను. నిద్ర బాగానే పడుతోంది, జావా రావడం లేదు. అది పోనివ్వండి. చంద్రుడి వెనక ఇరుక్కున్న ఆ అమ్మాయి బయటపడిందా, లేదా? చెప్పకుండా ఆపేస్తే ఎలాగండీ?" మా ఆవిడ ఆ కార్డు రెండుసార్లు చదివి, వెళ్లి కలం తెచ్చుకుంది. మిగిలిన ఆరు భాగాలూ మేం ఆ ఒక్కడి కోసం తయారుచేశాం, వారానికొకటి, బొమ్మలతో సహా, పోస్టులో. ఆరో వారం ఆ అమ్మాయి భూమ్మీద దిగింది. అది ముట్టినట్టు జవాబేమీ రాలేదు. కోర్సు అయిపోయి గది ఖాళీ చేశాడేమో.

ఇప్పుడు ఎవరైనా ఏదైనా రాసిమ్మంటే, ఎంతమంది చదువుతారండీ అని ముందే అడిగే పెద్దమనిషినయ్యాను. ఒక్క పాఠకుడి కోసం, చంద్రుడి మీద నిలబడ్డ పిల్ల కాలి చెప్పు కుదరలేదని మూడుసార్లు చెరిపి గీసిన ఆ కుర్ర సబ్ ఎడిటర్ గుర్తొస్తే నవ్వొస్తుంది. నవ్వయ్యాక వాడి ముందు నాకు కాస్త మొహమాటంగా ఉంటుంది.