చూసేది ఒక్కరే

నిజామాబాద్ నుంచి బోధన్ పోయే బస్సులో నా పక్కన కూర్చున్న పెద్దాయన ఫోన్ దించనేలేదు. అందులో ఒక పిల్లాడు లైవ్‌లో గేమ్ ఆడుతున్నాడు. చూసేది ఒక్కరే.

"మా పోరడు. ఆ ఒక్కన్ని నేనే బిడ్డా, వానికి ఎర్క లేదు. ఇంట్లనైతే తిడుత. ఎవ్వలు సూడకుంటే ఇయ్యాల ఛానలే తీసేస్తనన్నడు. నాకేమో చార్జింగ్ అయిపోతుంది!"

గబగబా నా ఫోన్‌లో ఆ ఛానల్ తెరిచాను.

"అరే, ఇద్దరైండ్రు! వచ్చినోళ్లకు దండాలు!" అని పిల్లాడు అరిచాడు. పెద్దాయన నవ్వు దాచుకున్నాడు. అంతలోనే ఆయన ఫోన్ ఆరిపోయింది. నా ఫోన్ వైపు మెల్లగా వంగాడు.

"ఎడపల్లి అన్నవ్ గదక్కా, దిగవా?" కండక్టర్ అడిగాడు.

"బోధన్ దాక వస్తనన్నా," అన్నాను.