కద్దూ మోడ్ చరిత్ర

మా పదకొండో అంతస్తు వంటింట్లో అమ్మ గుమ్మడి వడియాలు వేయిస్తోంది. ఆ ఇంగువ ఘాటు తగలగానే నాకు న్యాయంగా తెనాలిలో అమ్మమ్మ డాబా గుర్తుకు రావాలి. కానీ గుర్తొచ్చేది దేశ రాజధాని శివార్లలో ద్వారక దాటాక ఆవాల పొలాల మధ్య ఉండిన ఒక మోడ్, అంటే నాలుగు దారులు కలిసే చోటు, అక్కడ మా అమ్మ చేసిన నిర్వాకం.

దాని భూగోళం తేలిక. తూర్పు దారి లేచీ లేవని అపార్టుమెంట్ల వైపు, పడమటిది ఇటుక బట్టీకి, ఉత్తరానిది పొలాల్లోకి, దక్షిణానిది గేదెలు మునిగే చెరువుకి పోయేవి. నాలుగు మూలలా టీ కొట్టు, పంక్చర్ షాపు, పిండిమర, తాయీ ఇల్లు. తాయీ అంటే మోడ్‌కంతటికీ పెద్దమ్మ, నులకమంచం మీద హుక్కా పీలుస్తూ దర్బారు నడిపే ముసలావిడ. నాన్నకు సర్కారీ క్వార్టర్ రాక, ఆవిడ ఇంట్లోనే ముందు రెండు గదుల్లో అద్దెకుండేవాళ్లం. చరిత్ర మాత్రం ఎవరిది వారిదే. ఏ రాజుగారి గుర్రాలో అక్కడ నీళ్లు తాగాయని టీ కొట్టాయన, కాదు తన తాత లారీ టైరు పేలడంతోనే ఆ మోడ్ పుట్టిందని పంక్చర్ షాపాయన రోజూ తగువులాడుకునేవారు. పేరు పెట్టే తీరిక ఇద్దరికీ లేకపోయింది.

చలికాలమంతా పొగమంచులో ఉన్ని టోపీలు లాగేసుకుంటూ గోలీలాడి, వేళ్లు కొంకర్లు పోయాక తాయీ పొయ్యి దగ్గర చేరి వెన్నముద్ద వేసిన మొక్కజొన్న రొట్టెలు తింటూ నేనూ తమ్ముడూ బుగ్గలు పెంచాం. ఆ బుగ్గలే కొంప ముంచాయి. తమ్ముడికి మూడుసార్లు జ్వరం వచ్చేసరికి దిష్టేనని అమ్మ తేల్చేసి, అమావాస్యనాడు సందెవేళ బూడిద గుమ్మడికాయ మీద కర్పూరం వెలిగించి, మా చుట్టూ తిప్పి, తెనాలిలో కొట్టినట్టే నాలుగు దారుల నడుమ కొట్టి, కుంకుమ చల్లి వచ్చేసింది.

తెల్లారేసరికి మోడ్ స్తంభించింది. ఎవరో చేతబడి చేశారని పాలవాడు వెనక్కి తిరిగాడు, స్కూలు రిక్షా ఆగింది, పిండిమర తెరవలేదు. చేసినవాళ్లను మోడ్ నుంచి తరిమేస్తానని తాయీ శపథం పట్టింది. "నోరు మెదపకు. ఇల్లు ఖాళీ చేయమంటారు," అన్నాడు నాన్న గుసగుసగా. అప్పటికే నాలుగిళ్లు మారిన అమ్మకి, సొంత కుళాయి ఉన్న ఆ ఇల్లంటే ప్రాణం. తలుపు సందులోంచి చూస్తూ నిలబడిపోయింది.

పన్నెండు కొట్టేసరికి తాయీ హుక్కా ఆరిపోయింది. పొగాకు అవతలి మూల టీ కొట్టులో ఉంది. ముసలావిడ దారి అంచుదాకా వెళ్లడం, ఎర్రటి ముక్కల్ని చూసి వెనక్కి రావడం అమ్మ చూడలేకపోయింది. చీపురు, బకెట్టు పట్టుకుని నేరుగా నడుమకి నడిచింది.

"మేరా కద్దూ హై, తాయీ! బచ్చోంకా నజర్ కే లియే!" ఆ గుమ్మడికాయ తనదేనని, పిల్లల దిష్టి కోసమని వచ్చీరాని హిందీలో ఒప్పేసుకుంది.

నాన్న కళ్లు మూసుకున్నాడు. నేను గోలీలు మూటకట్టుకోవడం మొదలుపెట్టాను.

తాయీ అమ్మని ఎగాదిగా చూసింది. "అరీ, నజర్ కా థా? పహలే బోల్తీ!" అని, దిష్టిదని ముందే చెప్పనందుకు అమ్మని చెడామడా తిట్టి, వచ్చే అమావాస్యకి తన మనవడికీ దిష్టి తీయమంది. ఆ తర్వాత ప్రతి అమావాస్యకీ అమ్మ ముందు గుమ్మడికాయలతో జనం బారులు తీరారు. పంక్చర్ షాపాయన తన పంపుకి కూడా తీయించాడు. అలా మోడ్‌కి కద్దూ మోడ్ అని పేరొచ్చింది.

పోయిన నెల ఈ కొత్త ఫ్లాటుకి దిష్టి తీద్దామని అమ్మ పంతం పట్టి, కొట్టడానికి తగిన చోటు చూసుకుంటానని కాయ చంకనెత్తుకుని నన్ను బయల్దేరదీసింది. "కద్దూ మోడ్," అని నేను అనగానే ఆటో అతను తలూపాడు. ఒకప్పుడక్కడ పెద్ద గుమ్మడి తోటలుండేవని మాకే చరిత్ర చెప్పాడు. "తోటలా? నా ఒక్క కాయే! చెప్పవే వాడికి," అంది అమ్మ. చెప్పేలోపే చేరిపోయాం. ఫ్లైఓవర్. ఒక దారి పైనుంచి, ఒకటి కిందినుంచి, దేని దారి దానిదే. తాయీ లేదు, పొయ్యి లేదు, తగువులాడే ఆ ఇద్దరూ లేరు. నాకు ఏడుపొచ్చింది.

"దారులు కలవందే ఎక్కడ కొట్టనే?" అంది అమ్మ, కాయని ఇంకో చంకలోకి మార్చుకుంటూ.

ఆ కాయే ఈ వడియాలు. కరకరలాడుతున్నాయి. ఇంటికి మాత్రం ఇంకా దిష్టి తీయలేదు.