ఖాళీ బెంచీలకు చెప్పిన పాఠం

కార్వేటినగరం దాటాక ఒక ఎయిడెడ్ హైస్కూలుంది. అక్కడ సైన్సు టీచరు పోస్టు ఒక్కటే పడింది. నాకు వయసు దాటిపోతోంది. ఇది తప్పితే ఇక సర్కారు జీతం కలలోని మాటే. ఆ బడివాళ్ళకొక వింత ఆనవాయితీ. ఉద్యోగానికి వచ్చినవాళ్ళ చేత వేసవి సెలవుల్లో, ఖాళీ బెంచీలకు పాఠం చెప్పిస్తారు. కమిటీ పెద్దలు ముగ్గురు వెనక కూర్చుని చూస్తారు. పిల్లలు లేకపోయినా ఉన్నట్టు చెప్పగలిగినవాళ్ళే టీచర్లట. ఏం చాదస్తమో!

మిట్టమధ్యాహ్నం నా వంతు వచ్చింది. నీళ్ళు ఆవిరి కావడం గురించి చెబుతూ, అలవాటుగా అడిగాను: "ఆరేసిన బట్టల్లో నీళ్ళు ఎక్కడికి పోయాయి?"

"యాడికీ పోలేదు మిస్. ఈడనే ఉండాయి. కనపడవంతే."

ఆడపిల్ల గొంతు. కిటికీ పక్క బెంచీ నుంచి.

"బాగా చెప్పావు, కూర్చో" అనేశాను. అన్నాక చూస్తే బెంచీ మీద దుమ్ము తప్ప ఏమీ లేదు. పెద్దలు ముగ్గురూ తలలు వంచుకుని ఉన్నారు. "సాలమ్మా" అన్నాడొకాయన.

రాతపరీక్షలో నేనే మొదట. పాఠం మార్కుల్లో అట్టడుగు. ఉద్యోగం ఇంకొకామెకు పోయింది. ఒళ్ళు మండిపోయి తిరుపతిలో లాయరు దగ్గరికి పోయాను.

"ఆయమ్మ కమిటీవాళ్ళకు సుట్టమా?" అన్నాడు.

"కాదు."

"అర్హత లేదా?"

"ఉంది. కానీ పిల్లల్లేని పాఠమేంటి సార్?"

"అప్పుడు కిమ్మనకుండా పోయి చెప్పినావు గదా. ఓడినాక పద్ధతి బాగలేదంటే ఎవురు ఇంటారు?"

"నేను బాగా చెప్పానా లేదా అన్నది కోర్టు చూడదా?"

"సూడదమ్మా. రూలు తప్పినారా, పక్షపాతం ఉండాదా, అంతే. జడ్జి వాళ్ళ కుర్చీలో కూర్చుని మార్కులు ఏయడు."

ఆ గొంతు సంగతి ఆయనకు చెప్పలేదు. చెబితే పిచ్చిదాన్నంటాడు. అయినా పట్టుబట్టి హైకోర్టుకు పోయాను. లాయరు చెప్పినట్టే కొట్టేశారు. దేవుడు వరమిచ్చినా పూజారి ఇవ్వడంటారు. నా విషయంలో దేవుడే తనకు సంబంధం లేదన్నాడు.

మొన్న చలికాలంలో అలిపిరి దగ్గర ఆ ముగ్గురిలో ఒకాయన కనబడ్డాడు. రిటైరైన హెడ్మాస్టరు. ఎదురుగా పోయి నిలబడ్డాను. "నా నోట్లో మన్ను ఎందుకు కొట్టారు సార్?"

ఆయన ముఖం పాలిపోయింది. "ఆ గొంతు మేమూ విన్నాము తల్లీ. నువ్వు పోయినాక బడంతా వెతికినాము. ఒక్క బిడ్డ లేదు. నిన్ను తీసుకుంటే ఆ రూములో అది మళ్ళా పలకతాదని భయపడినాము. అందుకే మార్కులు కోసేసినాము."

నాకు ఏడుపు వచ్చింది. ఏ కోర్టూ అడగనిది నేనే అడిగాను.

"మరి నా పాఠం బాగుందా, లేదా?"



"ఆ బిడ్డకు అర్థమయింది గదమ్మా" అన్నాడు.