మా అత్త నీళ్ళిచ్చిన షాటు

ఆ కబురు మొదట తెచ్చింది మా ఆడబిడ్డ. కోవిల్‌పట్టి మార్కెట్టు నుంచి వచ్చి, సంచి దించకుండానే, "వదినా, ఆ జపాన్ ఎడిటరమ్మ పోయిందంట. సినిమావాళ్ళు ఫోన్ చేసినారు" అంది. చేట పక్కన పెట్టి, దేవుడి ముందు దీపం వెలిగించాను. అంతకంటే ఏమైనా చేయడానికి ఒంట్లో ఓపిక లేదు.

తమిళుల మధ్య తెలుగు మాట్లాడుకునే మా నల్లరేగడి ఊళ్ళ మీద తీసిన డాక్యుమెంటరీకి ఆమె ఎడిటర్. విరుదునగర్‌లో ఒక మేడగది అద్దెకు తీసుకుని పని చేసింది. మా ఇంటి తెలుగు హైదరాబాదువాళ్ళకే అర్థం కాలేదట. అందుకని, బడికి పోకుండా నాయన దగ్గర అక్షరాలు దిద్దుకున్న నన్ను పిలిచారు. రోజూ బస్సులో పోయి, తెరమీద ఎవరేమంటున్నారో తమిళంలో చెప్పేదాన్ని. ఆమెకు తమిళం వచ్చు. ఇల్లు చేరేసరికి నా మోకాళ్ళు బిగుసుకుపోయేవి.

పడుచుతనంలో ఆమె ఫిలిమును కోసి టేపుతో అతికించేదట. అంతకుముందు కొన్నేళ్ళు, గురువు కోసిన ముక్కలను ఏరి తీగకు వేలాడదీయడమే పని. కంప్యూటరు వచ్చాక కూడా, ఏ షాటు తీసేయాలన్నా ముందు శబ్దం ఆపి మొహం ఒక్కటే చూసేది. మాట అయిపోయినా మొహం అయిపోదు అనేది.

ఒకరోజు పుదూరు పక్కనున్న మా ఊరి నుంచి మా అత్తను కూడా తీసుకొచ్చి, ఆమె మాట్లాడిన భాగం చూపించాము. చూస్తూ చూస్తూ అత్త మొహం ముడుచుకుంది.

"అదేందే, కెమెరావాళ్ళకి నేను నీళ్ళిస్తి కదా. అదేది?"

"అందులో ఏమీ జరగలేదని తీసేసినారంట, అత్తా."

"ఏమీ జరగలేదా? ఇంటికొచ్చినోళ్ళకు నీళ్ళియ్యకనే మాట మొదలుపెడితినని ఊరు నవ్వదా? నేను చచ్చినాక కూడా అది చూసి నవ్వతారు."

మా వాళ్ళలో చెంబుతో నీళ్ళిచ్చి, వచ్చినవాళ్ళు తాగినాకే మాట. నేను ఆ సంగతి చెప్పగానే ఎడిటరమ్మ తల వంచి, తప్పు తనదేనంది. కానీ సినిమా నిడివి ముందే ఒప్పుకున్నది. నీళ్ళు పెట్టాలంటే ఇంకేదో పోవాలి.

అత్తే తేల్చేసింది. "కడాన నిన్ను పొగిడిన మాటుంది కదా, అది తీసెయ్యమను."

"నువ్వు నన్ను పొగిడింది ఆ ఒక్కసారే కదత్తా."

"నీవు ఇంట్లోనే ఉండావు కదే. కావాలంటే ఇంట్లో చెప్తా."

దాన్ని తమిళంలోకి మార్చి చెప్పాల్సింది నేనే. చెప్పాను. ఎడిటరమ్మ నా వంక చూసి, ఆ ముక్కను ఒకసారి నాకోసం వేసింది. "మా కోడలు లేకుంటే నాకు గంజి పోసేవాళ్ళు లేరు" అంటోంది తెరమీద అత్త. "సరేనా?" అని ఎడిటరమ్మ అడిగింది. సరే అన్నాను. కోసేసింది.

ఇంటికొచ్చాక అత్త ఆ మాట అననూ లేదు, నేను అడగనూ లేదు. ఊళ్ళో సినిమా వేసిన రోజు మాత్రం, తను చెంబు వంచే షాటు రాగానే నడుము నిటారుగా పెట్టి కూర్చుంది. ఎవరూ నవ్వలేదు. ఆ తర్వాత ఎక్కువ కాలం బతకలేదు. ఆమెను మర్యాదగా సాగనంపే భాగ్యం నాకు దక్కింది. దేవుడి దయ, ఆ జపాన్ తల్లి దయ.

చదివేవాళ్ళకు ఒక్క విన్నపం. సినిమాలో ఆ జపాన్ తల్లి ముఖం ఎక్కడా కనిపించదు. అమావాస్యకు మీ ఇంట పోయినవాళ్ళను తలచుకునేటప్పుడు, మా ఎడిటరమ్మను కూడా ఒకసారి తలచుకోండి.