నీడ అంచున నోరు

నరసన్నపేటలో బస్సెక్కి యూరియా బస్తాని కాళ్ల దగ్గర పెట్టుకున్నాను. పక్క సీటులోని ముసలామె దాన్ని చూసి, “దేనికి బాబూ?” అంది.

“మా మామిడి చెట్టుకమ్మా. ఆకులు పసుపెక్కాయి. నెలనెలా చెట్టు మొదట్లో పోస్తున్నాను, అయినా ఎండిపోతోంది.”

వృక్షశాస్త్రంలో డిగ్రీ ఉన్న సంగతి వినయం కొద్దీ చెప్పలేదు. చెప్పకపోవడమే మంచిదైంది.

“మొదట్లోనా!” ఆ కేకకి ముందు సీట్లవాళ్లు వెనక్కి తిరిగారు. “సెట్టుకి నోరు మొదట్లో ఉంటాదేటి? నీడ ఎందాకా పడతాదో అక్కడుంటాది, సన్న ఏర్ల కాడ. మొదట్లో పోస్తే కాలిపోతాది. మా ఆసామీ ఇలాగే పోసి పన్నెండు జీడి సెట్లు సంపేసినాడు. నీల్లెట్టలేదని నన్ను పన్లోంచి గెంటేసినాడు. సదూకున్నోడు కదా, ఆడి మాటే నమ్మినారు!”

ఆ కోపం నా మీద కాదని సర్దుకుందామంటే, ఆమె చూపు మాత్రం నా బస్తా మీదే ఉంది. ఆమె దిగేదాకా నేను కిటికీలోంచి పొలాలు చూశాను.

మర్నాడు మధ్యాహ్నం చెట్టు నీడ ఎందాకా పడుతుందో చూశాను. కాళ్లకి బురద అంటకూడదని, మొదలు చుట్టూ జానెడు మట్టి మాత్రం వదిలి, పెరడంతా సిమెంటు చేయించి ఏడాదైంది. నీడ అంచు చుట్టూతా ఆ సిమెంటు మీదే పడింది.

పక్కింట్లో గునపం అడిగి తెచ్చాను. పది దెబ్బలకి చిన్న పెచ్చు లేచింది. దగ్గరుండి గట్టిగా వేయించింది నేనే కాబట్టి, మేస్త్రీని తిట్టే అవకాశం కూడా లేకపోయింది.