సంతకాల పైన ఖాళీ

మా ఆయన సినిమా ఎడిటర్. సినిమా పనివాళ్ల ఇళ్ల సొసైటీకి కార్యదర్శి కూడా. ఫిల్మ్ నగర్‌లో ఆ సొసైటీకి రెండు గదుల ఆఫీసు ఉంది. అక్కడ సమావేశం పెట్టినప్పుడల్లా కమిటీ సభ్యులందరికీ షూటింగ్ తొందర. అందుకని మినిట్స్ పుస్తకంలో ఖాళీ పేజీకి అడుగున ముందే సంతకాలు పెట్టేసి, మాట్లాడాల్సింది మాట్లాడి వెళ్లిపోయేవారు. ఈయన ఇంటికొచ్చి, భోంచేసి, పైన తీర్మానాలు రాసేవారు. అది తప్పని చాలాసార్లు చెప్పాను. "రాసేది నేనే కదా" అనేవారు.

చివరి సమావేశం రోజు రాయలేదు. "ఏమీ తేలలేదు. వచ్చే వారం మళ్లీ కూర్చోవాలి" అని పుస్తకం బీరువాలో పెట్టారు. నాలుగో రోజు పోయారు.

పెద్దకర్మ అయ్యేసరికి సొసైటీకి ఇద్దరు అధ్యక్షులు. ఆ సమావేశంలో తన పదవి పొడిగించారని పాతాయన అన్నారు. ఆయన్ని దింపి తనను ఎన్నుకున్నారని కొత్తాయన అన్నాడు. ఆఫీసు తలుపుకు చెరో తాళం వేశారు. తోపులాట అయింది. కోర్టు పోలీసు రక్షణ పెట్టమంది. జూబ్లీ హిల్స్‌లో మా ఇంటి ముందు వాళ్ల కార్లు ఒకటి వెళ్లాక ఒకటి ఆగేవి.

"మీకెందుకండీ వదినగారూ ఈ తలనొప్పి," అన్నారు పాతాయన. "పుస్తకం ఇచ్చేయండి. ఆయన రాయాల్సింది నేను రాయిస్తాను."

కొత్తాయన మరుసటి రోజు వచ్చాడు. "గాయన చేతికిస్తే ఏం రాసుకుంటడో ఎరుకేనా వదినా? నాకియ్యుండ్రి. అన్న పేరు ఖరాబు కానియ్య."

ఇద్దరికీ కాఫీ ఇచ్చాను. పుస్తకం ఇవ్వలేదు.

ఆ సాయంత్రం పేజీ తీసి చూశాను. తొమ్మిది సంతకాలు. చివరిది ఆయనది, కొంచెం కిందికి జారింది. పైన ఎవరు ఏం రాసుకున్నా దానికి ఆయన సాక్షి అవుతారు. సొసైటీ ఎవరి చేతికి పోయినా నాకు పట్టదు. ఆయన సంతకం మాత్రం అబద్ధం కింద ఉండకూడదు. నేనే అడ్డంగా గీత గీసి ఆ ఖాళీ మూసేయొచ్చు. కానీ అప్పుడు నేనూ పుస్తకం మీద చెయ్యి వేసినదాన్నే అవుతాను.

సహకార శాఖ అధికారిణి విచారణకు వచ్చిన ఉదయం, పుస్తకం సంచిలో పెట్టుకుని ఆఫీసుకు వెళ్లాను. గుమ్మంలో హెడ్ కానిస్టేబుల్ ఆపాడు.

"మీరు ఎవరి దిక్కు మేడం? గా సార్ దిక్కోళ్లు కుడి పక్క, గీ సార్ దిక్కోళ్లు ఎడమ పక్క."

"ఎవరి దిక్కూ కాదు. కార్యదర్శి భార్యను."

"అయితే నడుమ కూసోండ్రి. గాడ జాగ ఖాళీగనే ఉంది. ప్రెసిడెంట్లు ఇద్దరున్నరు, తాళాలు రెండున్నయ్, మాకే ఒక్క కుర్చీ లేదు."

పుస్తకం అధికారిణి ముందు బల్ల మీద పెట్టి ఆ పేజీ తెరిచాను. సంతకాలు ముందే ఎందుకు పడ్డాయో చెప్పాను, మా ఆయన తప్పుతో సహా. తర్వాత ఇద్దరు అధ్యక్షులనూ చూసి, "ఈ ఖాళీకి అడ్డంగా గీత గీయండి. ఇక్కడ ఏమీ రాసి లేదని ఇద్దరూ సంతకం పెట్టండి" అన్నాను.

పాతాయన కళ్లజోడు తుడుచుకున్నారు. "ఇప్పుడంత అవసరమా వదినగారూ? మేమంతా ఉన్నాం కదా."

"పెట్టుండ్రి సార్," కొత్తాయన నవ్వాడు. "ఏమన్న రాసుకునేదుందా?"

"అయితే ముందు మీరు పెట్టండి," అన్నాను అతనితో.

కొత్తాయన నవ్వు ఆగింది. అధికారిణి పెన్ను మూత తీసి ఇద్దరి మధ్య పెట్టింది. పెట్టనంటే, రాసుకునే ఉద్దేశం ఉందని ఒప్పుకున్నట్టే. కొత్తాయన గీత గీసి సంతకం పెట్టాడు. పాతాయన ఆ పక్కనే పెట్టారు.

"గింత పనికి నెల దినాలు నిలబెట్టిండ్రు మమ్మల్ని," అన్నాడు కానిస్టేబుల్ గుమ్మంలోంచి.

అధికారిణి పుస్తకం స్వాధీనం చేసుకుని, అచ్చు కాగితం ఒకటి నా ముందుకు జరిపింది. "పుస్తకం అప్పగించినట్టు ఇక్కడ సంతకం పెట్టండమ్మా. వివరాలు తర్వాత నింపుతాను."

కాగితం తిరిగి ఆమె వైపు జరిపాను.

"నింపండి. కూర్చుంటాను."