తలుపు ముందు కొత్త నేల

దోర్నపాల్‌లో మా అద్దె ఇంటి హాల్లో లామినేట్ పలకలు వానాకాలపు తేమకు పాడై, నడిస్తే కిర్రుమనేవి. వాటిని పీకొద్దని ఇంటి యజమాని ఖరాఖండిగా చెప్పాడు. దాంతో పాతదాని మీదే కొత్త లామినేట్ వేయిద్దామన్నాడు మా ఆయన. పలకలు జగ్దల్‌పూర్ నుంచి వచ్చిన రోజు ఒక్కోదాన్నీ వెలుగులో తిప్పి తిప్పి చూసుకున్నాడు. పెళ్లిచూపుల నాడు నన్ను కూడా అంత శ్రద్ధగా చూసి ఉండడు.

మేస్త్రీ పని మొదలుపెట్టగానే, కోత చప్పుడూ పొడీ భరించలేక మా అత్తగారు లోపలి గదిలోకి వెళ్లి, గడియ పెట్టకుండా తలుపు దగ్గరికి లాక్కుంది. మధ్యాహ్నం లోపల్నుంచే కేకేసింది.

"సుగరు సూది ఏసుకున్న, బువ్వ తే బిడ్డా."

అన్నం కూర పెట్టుకుని వెళ్లేసరికి కొత్త నేల ఆ తలుపు దాటి అవతలి గోడదాకా వెళ్లిపోయింది. తలుపు లాగాను. కదల్లేదు. అది హాల్లోకి తెరుచుకునే తలుపు. వేలి మందం పెరిగిన నేల దాని అడుగుకు అడ్డం పడింది. ముందే తలుపు అడుగు కోయాలన్న సంగతి మగవాళ్లిద్దరికీ తట్టలేదు. "అత్తమ్మా!" అని పిలిచాను. జవాబు లేదు.

ఇంటి వెనక్కి పరుగెత్తి కిటికీలోంచి చూశాను. మంచం మీద అడ్డంగా పడి ఉంది. రవిక చెమటకు తడిసి ముద్దయింది. పెదాలు కదులుతున్నాయి గాని మాట రావడం లేదు. సూది వేసుకున్నాక తినకపోతే ఆమె ఎలా అయిపోతుందో ఇదివరకు ఒకసారి చూశాను. బెల్లం ముక్క తెచ్చి ఊచల్లోంచి చెయ్యి చాపాను. అందలేదు. ఇంకాసేపైతే ప్రాణం పోతుంది.

హాల్లోకి వచ్చి, అత్తమ్మ సోయి లేక పడిపోయిందని చెప్పి పలకలు పీకమన్నాను. ఒకదానిలో ఒకటి బిగించినవి, అవతలి గోడ నుంచి వరసగా విప్పుకుంటూ రావాలన్నాడు మేస్త్రీ.

"ఏందే నీ తొందర, జర ఆగు," అన్నాడు మా ఆయన. "మధ్యల పీకితే పలక ఖరాబైతది. ఇసొంటిది మళ్ల దొరకదు."

"మీ అమ్మ దొరుకుతదా?" అని అరిచాను.

పెరట్లోంచి గడ్డపార తెచ్చి తలుపు ముందు దించాను. పలక ఫట్‌మని చీలింది. "అయ్యో," అన్నాడు ఆయన. ఆ అయ్యో ఎవరి కోసమో తెలిసి నాకు ఒళ్లు మండింది. మేస్త్రీ కూడా చీలిన ముక్కలు లాగి పడేశాడు. తలుపు మనిషి పట్టేంత తెరుచుకుంది.

అత్తమ్మ తల ఒళ్లో పెట్టుకుని, చక్కెర నీళ్లు కొంచెం కొంచెంగా పట్టించాను. కాసేపటికి కళ్లు తేటపడ్డాయి. అప్పుడు వచ్చాడు కొడుకు.

"మస్తు భయమైందే అమ్మా," అన్నాడు మంచం పక్కన కూర్చుని.



"నోరు లేవలే గని, చెవులు మంచిగనే పనిజేసినయ్ కొడుకా. నువ్వన్నది ఇన్న."